రేపట్నించి పనిలోకి రావద్దన్నారా? ఏళ్ల తరబడి రోజుకూలీగా చేసినవారికి తొలగింపు, పరిహారం మీద సమగ్ర మార్గదర్శి

భీమవరం చుట్టుపక్కల రొయ్యల ప్రాసెసింగ్ ప్లాంట్లు, తణుకు, మండపేట వైపు రైస్ మిల్లులు, కోనసీమలో కొబ్బరి పీచు యూనిట్లు, కాలువల మీద లస్కర్ల (కాలువ కాపలా చూసే కూలీల) పని. గోదావరి డెల్టాలో పదేళ్లూ పదిహేనేళ్లూ ఒకే గేటులోంచి లోపలికెళ్లి కూడా కాగితం మీద ‘క్యాజువల్’గానే మిగిలిపోయినవాళ్లు వేలల్లో ఉన్నారు. వాళ్లని తీసేసే పద్ధతి దాదాపు అన్నిచోట్లా ఒకటే. నోటీసు ఉండదు, కాగితం ఉండదు. షిఫ్టు దిగేటప్పుడు మేస్త్రి వచ్చి ‘రేపట్నించి రావద్దమ్మా, కబురు చేస్తాం’ అంటాడు. ఆ కబురు ఎప్పటికీ రాదు.

‘రోజుకూలీకి హక్కేంటి’ అనే మాట మిల్లు గుమాస్తా నోటే కాదు, కూలీ నోట కూడా వింటుంటాం. చట్టం అలా అనలేదు. పర్మనెంటా, క్యాజువలా అన్నది అది అడగదు. తీసేసిన రోజు నుంచి వెనక్కి 12 నెలల్లో 240 రోజులు పని చేశారా అన్నదే అడుగుతుంది. చేసి ఉంటే మిమ్మల్ని ఊరికే పంపడానికి వీల్లేదు. కానీ చేశారని చూపించాల్సింది మీరే. కాబట్టి ఈ కేసుల్లో గెలుపోటములు కోర్టు వాదనల కంటే ముందు, పని పోయిన మొదటి పదిహేను రోజుల్లో మీరు పోగేసిన కాగితాల మీద ఆధారపడతాయి.

ముందు చట్టం సంగతి

2025 నవంబరు 21 నుంచి పారిశ్రామిక సంబంధాల కోడ్ 2020 అమల్లోకి వచ్చింది. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం స్థానంలో వచ్చింది ఇది. అంతకు ముందు తీసేసినవారికి పాత చట్టం లెక్క, ఆ తర్వాత తీసేసినవారికి కొత్త కోడ్ లెక్క. కార్మికుడికి సంబంధించిన అసలు విషయం రెండింట్లోనూ ఒకటే. పాత చట్టంలో సెక్షన్ 25ఎఫ్, కొత్త కోడ్‌లో సెక్షన్ 70. ఏడాది నిరంతరాయంగా పని చేసినవాణ్ని తీసేయాలంటే కారణం చెబుతూ నెల రోజుల ముందు రాతపూర్వక నోటీసు ఇవ్వాలి, లేదా నెల జీతం చేతిలో పెట్టాలి. పని చేసిన ప్రతి ఏడాదికీ 15 రోజుల సగటు వేతనం పరిహారంగా ఇవ్వాలి. ఆర్నెల్లు దాటిన చివరి ముక్కని కూడా ఏడాదిగానే లెక్కేస్తారు.

ఈ డబ్బు తీసేసేటప్పుడే ఇవ్వాలి. ‘వచ్చే నెల బట్వాడాలో కలిపి ఇస్తాం’ అంటే కుదరదు. ముందు డబ్బు చెల్లించడం తొలగింపుకి షరతు, అది తప్పితే తొలగింపే చెల్లదని సుప్రీంకోర్టు 1960 నుంచీ చెబుతూనే ఉంది. హాజరు పుస్తకంలోంచి పేరు కొట్టేసి ఊరుకున్నా అది తొలగింపు కిందికే వస్తుందని 1982లో రాబర్ట్ డిసౌజా కేసులో తేల్చింది. అది రైల్వేలో రోజుకూలీ కేసే.

మొదటి అడుగు: ఆ రోజూ, మర్నాడూ

దేని మీదా సంతకం పెట్టకండి, వేలిముద్ర వేయకండి. ‘పీఎఫ్ డబ్బు రావాలంటే ఈ ఫారం మీద సంతకం కావాలి’ అంటూ ఇచ్చే కాగితాల మధ్యలో ‘నా సొంత కారణాల వల్ల పని మానుకుంటున్నాను’ అన్న రాజీనామా ఒకటి ఉంటుంది. తెల్లకాగితం మీద వేలిముద్ర అయితే ఇక చెప్పక్కర్లేదు. పీఎఫ్ మీ సొంత డబ్బు. దానికీ, పరిహారానికీ సంబంధం లేదు. ‘పీఎఫ్ ఇచ్చేశాంగా, ఇంకేం కావాలి’ అన్న మాటకి తలూపి రాకండి.

మర్నాడు మామూలు వేళకే పనికి వెళ్లండి. వ్యాన్ ఎక్కనివ్వకపోతే బస్సులో వెళ్లండి. గేటు దగ్గర ఆపితే ఎవరు ఆపారు, ఏమన్నారు, పక్కన ఎవరున్నారు అన్నది ఆ సాయంత్రమే రాసి పెట్టుకోండి. రెండో రోజూ వెళ్లండి. ఇది ఎందుకంటే, తర్వాత లేబర్ ఆఫీసులో యాజమాన్యం చెప్పే మొదటి మాట ‘మేం తీసేయలేదు సార్, తనే రావడం మానేసింది’. నూటికి తొంభై మంది ఈ మాటే చెబుతారని నా నమ్మకం.

ఆ తర్వాత ఆలస్యం చేయకుండా ఒక ఉత్తరం. వకీలు భాష అక్కర్లేదు. ఇలా ఉంటే చాలు:

‘అయ్యా, నేను మీ ప్లాంటులో 2016 ఆగస్టు నుంచి రొయ్య తలలు తీసే విభాగంలో పని చేస్తున్నాను. 2026 మార్చి 10న షిఫ్టు అయ్యాక సూపర్‌వైజరు గారు రేపట్నించి పనిలోకి రావద్దని నోటిమాటగా చెప్పారు. నోటీసు గానీ, నోటీసు జీతం గానీ, పరిహారం గానీ ఇవ్వలేదు. 11, 12 తేదీల్లో పనికి వస్తే గేటు దగ్గర ఆపేశారు. నేను పని మానలేదు. ఇప్పటికీ పని చేయడానికి సిద్ధంగా ఉన్నాను. నా తర్వాత చేరినవారిని పనిలో ఉంచుకున్నారు. ఈ ఉత్తరం అందిన ఏడు రోజుల్లోగా నన్ను తిరిగి పనిలోకి తీసుకోగలరు.’

కింద పేరు, ఊరు, టోకెన్ నంబరో పీఎఫ్ నంబరో, తేదీ, సంతకం. రెండు కాపీలు తీసి ఒకటి పంపండి, ఒకటి దాచండి. రిజిస్టర్డ్ పోస్టు 2025లో స్పీడ్ పోస్టులో కలిసిపోయింది. కాబట్టి స్పీడ్ పోస్టులో, అందినట్టు రుజువు వచ్చే పద్ధతిలో పంపి రసీదు జాగ్రత్త చేయండి. ‘తీసుకోలేదు’ అని కవరు వెనక్కి వస్తే చింపకండి. విప్పని ఆ కవరు కూడా సాక్ష్యమే.

రెండో అడుగు: యజమాని ఎవరో తేల్చుకోవడం

ఇక్కడే చాలామంది తడబడతారు. డబ్బులిచ్చేది మేస్త్రి, వ్యాన్ మేస్త్రిది, హాజరు రాసేది మేస్త్రి. మిల్లువాళ్లు ‘వీళ్లు మా మనుషులు కాదు, ముఠా’ అంటారు. అలాంటప్పుడు ఈ ప్రశ్నలు వేసుకోండి. పని ఎవరి ఆవరణలో జరుగుతోంది? ఏ పని చేయాలో రోజూ ఎవరు చెబుతున్నారు? కత్తి, గ్లౌజులు, బూట్లు ఎవరివి? వద్దన్నప్పుడు ఆ మాట మేస్త్రి తనంతట తాను అన్నాడా, లోపల్నుంచి ఎవరైనా అనమన్నారా? మేస్త్రులు మారుతున్నా మీరు మాత్రం అదే బల్ల దగ్గర అదే పని చేస్తూ వచ్చారంటే, కాంట్రాక్టు పేరుకే అని వాదించే వీలుంది. అప్పుడు ఫిర్యాదులో మేస్త్రినీ, కంపెనీనీ ఇద్దర్నీ ప్రతివాదులుగా పెట్టాలి. ఒకర్ని వదిలేస్తే రెండోవాడు ‘నేను కాదు, వాడు’ అని తప్పుకుంటాడు.

నలుగురైదుగురితో సొంత చెరువు సాగు చేసుకునే రైతు దగ్గర కాపలా, మేత పని చేసేవారికి ‘ఇది పరిశ్రమేనా’ అన్న చిక్కు ఎదురవుతుంది. అలాంటివారు ముందుగా లేబర్ అధికారిని కలిసి మాట్లాడటం మంచిది. ఫీడ్ మిల్లు, ఐస్ ఫ్యాక్టరీ, ప్రాసెసింగ్ ప్లాంటు అయితే ఈ సందేహమే లేదు. ఇరిగేషన్ శాఖ కూడా పరిశ్రమ కిందికే వస్తుందని సుప్రీంకోర్టు 1988లో పంజాబ్ కేసులో చెప్పింది. లస్కర్లు గుర్తుపెట్టుకోవాల్సిన తీర్పు అది.

మూడో అడుగు: 240 లెక్క

జనవరి నుంచి డిసెంబరు దాకా కాదు, తీసేసిన తేదీ నుంచి వెనక్కి లెక్కపెట్టాలి. మార్చి 10న ఆపేస్తే అంతకు ముందు ఏడాది మార్చి 11 నుంచి లెక్క. రొయ్యల ప్లాంటు ఉదాహరణే తీసుకుందాం. సరుకు బాగా వచ్చే 9 నెలల్లో నెలకి 24 రోజుల చొప్పున 216. సరుకు తగ్గే డిసెంబరు, జనవరి, ఫిబ్రవరిలో నెలకి 12 చొప్పున 36. మొత్తం 252. దాటారు. అదే ఆ మూడు నెలల్లో ఒక నెల ప్లాంటు పూర్తిగా మూసి ఉంటే 240 దగ్గర సరిగ్గా ఆగుతుంది. అప్పుడు ఒక్క రోజు హాజరు గల్లంతైనా కథ మారిపోతుంది.

అయితే పనిలోకి దిగిన రోజులొక్కటే లెక్క కాదు. జీతంతో ఇచ్చిన వారపు సెలవులు, పండుగ సెలవులు కలుస్తాయి. దీని మీద 1985 నాటి తీర్పు ఉంది. పని చేస్తుండగా గాయపడి ఇంట్లో ఉన్న రోజులు, జీతంతో తీసుకున్న సెలవు, ప్రసూతి సెలవు కూడా కలపాలి. ఆడవాళ్ల కేసుల్లో ప్రసూతి సెలవుని మర్చిపోవడం తరచూ జరిగే పొరపాటు.

ఇక ‘బ్రేక్’ సంగతి. 89 రోజులకో, ఆర్నెల్లకో వారం ఆపి మళ్లీ కొత్త పేరుతోనో కొత్త టోకెన్‌తోనో తీసుకుంటారు. అలా చేస్తే సర్వీసు తెగిపోతుందని గుమాస్తాల నమ్మకం. 12 నెలల్లో 240 నిండితే ఆ వారం ఆపినంత మాత్రాన మీ లెక్కకి ఏమీ కాదు.

సీజన్ పని వేరు. చెరకు క్రషింగ్ అయిపోగానే పని ఆపితే అది తొలగింపు కాదు. కానీ వచ్చే సీజన్‌కి సీనియారిటీ ప్రకారం పాతవారినే ముందు పిలవాలని 1995లో ఒక చక్కెర మిల్లు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి సీజన్ కార్మికులు ఆపేసిన రోజు కంటే, తర్వాతి సీజన్‌లో గేటు తీసి తమని పిలవని రోజునే గట్టిగా పట్టుకోవాలి.

నాలుగో అడుగు: రుజువులు పోగెయ్యడం

2002లో ఒక కేసులో, 240 రోజులు చేశానని కార్మికుడు అఫిడవిట్ ఇస్తే చాలదని సుప్రీంకోర్టు కొట్టేసింది. 2005లో ఎల్లాట్టి కేసులో ఇంకొంచెం వివరంగా చెప్పింది. కార్మికుడు బోనెక్కి సాక్ష్యం చెప్పాలి, తన దగ్గరున్న కాగితాలు చూపాలి, మస్టర్ (హాజరు) పుస్తకాలు తెమ్మని యాజమాన్యాన్ని కోర్టు ద్వారా అడగాలి. అందుకని చిన్నదీ పెద్దదీ అనుకోకుండా అన్నీ తీసి పెట్టుకోండి: గేటు పాసు, టోకెన్, జీతం చీటీలు, బ్యాంకు పాసుబుక్కు, ఫోన్‌పేలో వచ్చిన బట్వాడా, షిఫ్టులు చెప్పే వాట్సాప్ గ్రూపు మెసేజీలు, యూనిఫాంలో దిగిన ఫొటోలు, బోనస్ రసీదు.

అన్నిటికంటే బలమైనవి పీఎఫ్, ఈఎస్‌ఐ. యాజమాన్యం నెలనెలా ఈఎస్‌ఐకి పంపే లెక్కలో ఎవరికి ఎన్ని రోజుల జీతం ఇచ్చారన్న గడి ఉంటుంది. పీఎఫ్ లెక్కలో జీతం లేని రోజుల గడి ఉంటుంది. అంటే మీ హాజరుని వాళ్లే సర్కారుకి రాసిచ్చారన్నమాట. తర్వాత వాళ్లు మస్టర్ పుస్తకం వరదలో తడిసి పోయిందన్నా (మన ప్రాంతంలో ఆ సాకు నమ్మేలానే ఉంటుంది మరి) ఈ లెక్క ఎక్కడికీ పోదు. యూఏఎన్ (మీ పీఎఫ్ ఖాతాలన్నిటికీ కలిపి ఉండే ఒకే) నంబరుతో పీఎఫ్ పాసుబుక్కు ప్రింటు తీయించండి. మీసేవలోనో, ఇంట్లో చదువుకున్న పిల్లల చేతో అయిపోతుంది.

పీఎఫ్, ఈఎస్‌ఐ ఏవీ లేనివారికి తోటి కార్మికుల సాక్ష్యమే దిక్కు. ఇప్పటికీ అక్కడే చేస్తున్నవాళ్లు భయంతో ముందుకు రారు. వాళ్లని ఇబ్బంది పెట్టకండి. మీకు ముందే మానేసినవాళ్లు, వ్యాన్ డ్రైవరు, గేటు ఎదురుగా టీ కొట్టాయన, ఇలాంటివాళ్లు పనికొస్తారు. ప్రభుత్వ శాఖలో పని చేసినవారు మస్టర్ రోల్, వోచర్ల నకళ్లు సమాచార హక్కు చట్టం కింద అడగవచ్చు.

ఇంకొక జాబితా కూడా రాసుకోండి. మిమ్మల్ని తీసేశాక ఎవర్ని ఉంచారు, వాళ్లలో మీ తర్వాత చేరినవారెవరు, మీ స్థానంలో కొత్తగా ఎవర్ని తెచ్చారు. చివర వచ్చినవారిని ముందు పంపాలన్నది చట్టంలో ఉన్న నియమం. ఈ జాబితా విలువ కోర్టులో తెలుస్తుంది.

ఐదో అడుగు: రావాల్సింది ఎంతో వేసుకోవడం

పై ఉత్తరంలోని మనిషికి రోజుకి 450 రూపాయలు అనుకుందాం. 2016 ఆగస్టు నుంచి 2026 మార్చి దాకా 9 ఏళ్ల 7 నెలలు. ఆర్నెల్లు దాటింది కాబట్టి 10 ఏళ్లు. 450 ఇంటూ 15 ఇంటూ 10, అంటే 67,500 పరిహారం. నోటీసు జీతం 26 రోజులకి వేసుకుంటే 11,700. కొత్త కోడ్ కింద తొలగించిన ప్రతి కార్మికుడికీ నైపుణ్య నిధి నుంచి ఆఖరి వేతనం ప్రకారం 15 రోజుల కూలి, అంటే 6,750, 45 రోజుల్లో బ్యాంకు ఖాతాలో పడాలి.

గ్రాట్యుటీ (ఏళ్ల తరబడి చేసినందుకు పని వదిలేటప్పుడు ఇచ్చే సొమ్ము) దీనికి అదనం. పది మంది, అంతకు మించి పని చేసే చోట ఐదేళ్లు దాటితే వస్తుంది. రోజుకూలీకి ఏడాదికి 15 రోజుల కూలి లెక్కన ఇక్కడ మరో 67,500. కిలోల చొప్పున కూలి తీసుకునేవారికి చివరి మూడు నెలల సగటు చూస్తారు. పరిహారం ఇచ్చాం కాబట్టి గ్రాట్యుటీ లేదనడం తప్పు. ఇవి కాక పాత బకాయి కూలి ఏదైనా ఉంటే, తీసేసిన రెండు పనిదినాల్లో చెల్లించాలని వేతనాల కోడ్ చెబుతోంది.

లెక్క ఒక్కసారి చూడండి. పదేళ్ల మనిషికి దాదాపు లక్షన్నర. ‘పదివేలిస్తాం, కాగితం మీద సంతకం పెట్టు’ అన్నప్పుడు ఈ అంకె మనసులో ఉండాలి. మీకు చెప్పకుండానే ఖాతాలో కొంత డబ్బు వేస్తే, ‘ఈ మొత్తాన్ని అభ్యంతరంతో తీసుకుంటున్నాను, నా హక్కులు వదులుకోలేదు’ అని వెంటనే ఉత్తరం పెట్టండి.

ఆరో అడుగు: లేబర్ ఆఫీసు

మీరు పని చేసిన చోటు ఏ అధికారి పరిధిలోకి వస్తుందో కనుక్కోండి. సహాయ కార్మిక అధికారి, ఆ పైన సహాయ కార్మిక కమిషనర్ ఉంటారు. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విడిపోయాక అడ్రసులు మారాయి కాబట్టి పాత జ్ఞాపకం మీద వెళ్లకుండా ఒకసారి వాకబు చేయండి. ఎఫ్‌సీఐ, ఓఎన్‌జీసీ, రైల్వే లాంటి చోట్ల పని చేసినవారు కేంద్ర కార్మిక శాఖ అధికారుల దగ్గరికి వెళ్లాలి.

యూనియన్ లేకపోయినా ఫర్వాలేదు. తొలగింపు విషయంలో ఒక్క కార్మికుడు వేసినా అది పారిశ్రామిక వివాదమే. దరఖాస్తు తెలుగులో రాసి, ఉత్తరం కాపీ, రసీదు, లెక్క, రుజువుల నకళ్లు జతచేసి ఇవ్వండి. మీ కాపీ మీద ముద్ర, తేదీ వేయించుకోకుండా కదలకండి.

అధికారి ఇద్దర్నీ పిలిచి రాజీకి ప్రయత్నిస్తారు. ఆయన తీర్పు చెప్పలేరు. కంపెనీ తరఫున మొదటి వాయిదాకి ఎవరూ రారు, రెండోదానికి గుమాస్తా వచ్చి గడువు అడుగుతాడు. విసుగొచ్చి మీరు మానేస్తారన్నదే వాళ్ల ఆశ. ప్రతి వాయిదాకీ వెళ్లండి. ‘రేపే పనిలోకి రమ్మనండి’ అని అక్కడే అంటే, ఆ మాట మినిట్స్‌లో రాయించి, పాత సర్వీసు కలుపుతారా లేదా అన్నది తేల్చుకుని వెళ్లండి. కొత్తగా చేరినట్టు రాసుకుంటే పదేళ్లూ గాలికి పోతాయి. రాజీకి ఒప్పుకుంటే ప్రతి వాక్యం చదివించుకుని, గ్రాట్యుటీ అందులో ఉందో లేదో చూసి సంతకం పెట్టండి.

గడువుల్లో మాత్రం ఏమరపాటు వద్దు. పాత చట్టం కింద రాజీ దరఖాస్తు ఇచ్చి 45 రోజులయ్యాక నేరుగా లేబర్ కోర్టుకి వెళ్లవచ్చు, తీసేసిన తేదీ నుంచి మూడేళ్ల లోపు. కొత్త కోడ్ కింద వివాదం పుట్టిన రెండేళ్ల తర్వాత రాజీ అధికారి దాన్ని చేపట్టరు. రాజీ కుదరలేదన్న నివేదిక మీకు అందిన 90 రోజుల్లో ట్రిబ్యునల్‌కి వెళ్లాలి. నివేదిక అందిన తేదీ కవరు మీదే రాసి పెట్టుకోండి.

ఏడో అడుగు: కోర్టు, అక్కడ దక్కేది

వకీలు ఖర్చుకి భయపడేవారు ఈ సంగతి తెలుసుకోవాలి. 1987 నాటి న్యాయ సేవల చట్టం ప్రకారం స్త్రీలకీ, ఎస్సీ ఎస్టీలకీ, పారిశ్రామిక కార్మికులకీ ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలుని ఇస్తారు. రాజమహేంద్రవరం, ఏలూరు జిల్లా కోర్టుల్లో ఉన్న న్యాయ సేవాధికార సంస్థల్లో గానీ, మీ దగ్గరి కోర్టులోని మండల కమిటీలో గానీ అడగండి. 15100కి ఫోన్ చేసినా దారి చెబుతారు.

పిటిషన్‌లో రెండు మాటలు తప్పక ఉండాలి. ఒకటి, తీసేశాక మీకు మరో స్థిరమైన ఉపాధి దొరకలేదన్నది. 2013లో దీపాలీ గుండు సుర్వాసే తీర్పు ప్రకారం, కార్మికుడు ఆ మాట చెప్పాక, కాదని రుజువు చేయాల్సిన బాధ్యత యాజమాన్యం మీద పడుతుంది. మధ్యలో ఊడ్పులకో కోతలకో వెళ్లి ఉంటే దాచకండి. అబద్ధం ఒకటి బయటపడితే మిగతా నిజాలూ పోతాయి. రెండోది, మస్టర్లు, జీతాల రిజిస్టర్లు యాజమాన్యం చేత తెప్పించమన్న అభ్యర్థన. ఇది లిఖితంగా వేయాలి. అడగనిదే కోర్టు తెప్పించదు.

ఏం దక్కుతుంది? పనిలోకి తిరిగి తీసుకోమని ఆదేశం రావచ్చు, పని లేకుండా ఉన్న కాలానికి జీతం పూర్తిగానో కొంతో రావచ్చు, లేదా ఒక్కసారిగా పరిహారం రావచ్చు. రోజుకూలీల విషయంలో, నోటీసు, పరిహారం ఇవ్వలేదన్న ఒక్క లోపమే ఉంటే పనికి బదులు డబ్బు ఇప్పించడం మేలని 2013లో భూరుమల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అదే తీర్పులో, జూనియర్లని ఉంచుకుని సీనియర్‌ని పంపినా, అన్యాయమైన పద్ధతి పాటించినా తిరిగి పనిలోకి తీసుకోవాల్సిందేనంది. నాలుగో అడుగులో రాసుకున్న జాబితా ఇక్కడ పనికొస్తుంది.

మున్సిపాలిటీల్లో, ప్రభుత్వ శాఖల్లో చేసినవారికి 2006 నాటి ఉమాదేవి తీర్పుని అడ్డం పెట్టి ‘మీకేమీ రాదు’ అంటుంటారు. ఆ తీర్పు దొడ్డిదారి నియామకాలని పర్మనెంట్ చేయడం గురించి. ఏళ్ల తరబడి వాడుకుని ఊరికే పంపేయడానికి అది లైసెన్సు కాదని సుప్రీంకోర్టు ఇటీవల గట్టిగానే చెప్పింది. 2024 డిసెంబరులో జగ్గో కేసులో కేంద్ర జల సంఘంలో ఊడ్చే పని, తోట పని చేసినవారిని తిరిగి తీసుకుని క్రమబద్ధీకరించమంది. 2025 జనవరిలో శ్రీపాల్ కేసులో ఘాజియాబాద్ నగరపాలక సంస్థ తోటమాలులని, పని లేకుండా ఉన్న కాలానికి సగం జీతం ఇచ్చి తిరిగి తీసుకోమంది. ఆ తోటమాలులు పని పోగొట్టుకుంది 2005లో. ఎంతకాలం పట్టిందో కూడా అందులోనే కనిపిస్తోంది కదా.

దొంగతనమో, దురుసు ప్రవర్తనో అంటగట్టి తీసేస్తే దారి వేరు. అప్పుడు 15 రోజుల పరిహారం లెక్క వర్తించదు. కానీ ఆరోపణ పత్రం ఇచ్చి, విచారణ జరిపి, మీ మాట వినకుండా తీసేయకూడదు. ఏ విచారణా జరపకపోతే ఆ నేరాన్ని యాజమాన్యం కోర్టులో మొదట్నుంచీ రుజువు చేసుకోవాలి.

గ్రాట్యుటీకి ఈ కేసు తేలేదాకా ఆగనక్కర్లేదు. దాని దరఖాస్తు విడిగా, ముందు యాజమాన్యానికి ఇవ్వాలి. వీలైతే పని పోయిన 30 రోజుల్లోగా ఇవ్వండి, ఆలస్యమైనంత మాత్రాన హక్కు పోదు. ముప్పై రోజుల్లో చెల్లించకపోతే కార్మిక శాఖలో గ్రాట్యుటీ కేసులు చూసే అధికారి దగ్గర వేయండి. వడ్డీ కూడా అడగండి. తొలగింపు కేసు పిటిషన్‌లో మాత్రం ‘అభ్యంతరంతో, హక్కులు వదులుకోకుండా గ్రాట్యుటీ తీసుకున్నాను’ అని ఒక వాక్యం రాయించండి.